పట్టాల బిల్డింగు గోడకు గాజుముక్కలు

నా చిన్నప్పుడు మా ఆదివారాలన్నీ ఒకే పైకప్పు కింద గడిచాయి. గోదావరిఖని బజారు వీధిలో ఉన్న ఆ రెండంతస్తుల కట్టడాన్ని అందరూ పట్టాల బిల్డింగు అనేవారు. దాని దూలాలు కర్రవి కావు, పాత రైలు పట్టాలు. ఆ పట్టాల మీద పొడవాటి షాబాదు బండలు పేర్చి, పైన సున్నపు గచ్చు పోశారు. కింద ఒక హోటలు. పైన, వీధి వైపు నాలుగు కిటికీలున్న పెద్ద హాలులో మా క్రైస్తవ సంఘం కూడేది. హాలు నడుమ ఇటుకల స్తంభం ఒకటి ఉండేది. ప్రసంగం సాగుతుంటే నిద్ర వచ్చిన పిల్లలం దానికి ఆనుకొని కూర్చోవడానికి పోటీపడేవాళ్ళం.

ఆ కట్టడం మాకన్నా ముందు చాలామందిని చూసింది. మొదట ఎవరో కాంట్రాక్టరు తన సామాను దాచుకోవడానికి కట్టించాడట. బొగ్గు బావుల్లో పనికి ఊళ్ళ నుంచి మనుషులు వచ్చి చేరుతున్న కాలంలో పై హాలే వాళ్ళ ఇల్లు. మొదటి షిఫ్టు వాళ్ళు లేచి వెళ్ళిన చాపల మీదే రాత్రి షిఫ్టు వాళ్ళు వచ్చి పడుకునేవారు. మా నాయన కూడా పెళ్ళికాకముందు మూడో కిటికీ కింద అలా పడుకున్నవాడే. తర్వాత క్వార్టర్లు వచ్చాయి, హాలు ఖాళీ అయింది. ఒక దర్జీ వచ్చి వెళ్ళాడు. టైపు నేర్పే ఆయన వచ్చి వెళ్ళాడు. దర్జీకి చూపు తగ్గింది, టైపు ఆయనకు పెద్దపల్లిలో ఉద్యోగం దొరికింది. ఎవరి కారణం వాళ్ళకుంది. వీధి మాత్రం ఆ కారణాలన్నీ పక్కన పెట్టి ఒకే మాట పట్టుకుంది: ఆ బిల్డింగులో ఏదో ఉంది, అది ఎవరినీ నిలవనియ్యదు.

ఆ మాట విని కూడా మా వాళ్ళు హాలు తీసుకున్నారు. ప్రార్థన జరిగే చోట చెడ్డది నిలవదని వాళ్ళ విశ్వాసం. మొదటి రోజు మా అమ్మ, ఇంకొందరు స్త్రీలు నాలుగు మూలల్లోనూ మోకరించి ప్రార్థించారు. అయినా కిటికీ రెక్క కొట్టుకుంటే చాలు, ఒకరి మొహం ఒకరు చూసుకునేవారు. నోటితో స్తోత్రం చెప్పుకుంటూనే మనసులో అనుమానం పెట్టుకున్నాం. అలాంటి అనుమానం ఊరికే ఉండదు, ఎవరో ఒక మనిషిని వెతుక్కుంటుంది. మాకు మెట్ల కింద తాత దొరికాడు.

బిల్డింగు సొంతదారు పెద్దపల్లిలో ఉండేవాడు. కాపలాకని ఒక ముసలాయనను మెట్ల కింది చిన్న గదిలో ఉంచాడు. ఆ ముసలాయన ఒక కాలు ఈడ్చి నడిచేవాడు. ఎక్కడివాడో, ఆయనకు ఎవరున్నారో మాలో ఒక్కరికీ తెలియదు. గుడికి వెళ్తుండగా ఎవరూ చూడలేదు, మసీదుకు వెళ్తుండగానూ చూడలేదు. మా ప్రార్థనకు పిలిస్తే నవ్వి ఊరుకునేవాడు. చేతిలో ఎప్పుడూ ఇనుప పొన్ను బిగించిన కర్ర ఉండేది. మధ్యాహ్నం బజారు సద్దుమణిగాక పైకెక్కి, ఆ కర్రతో హాలు గోడల మీద, స్తంభం మీద కొట్టుకుంటూ తిరిగేవాడు. టక్, టక్. ఆగి చెవి పెట్టేవాడు. మళ్ళీ టక్.

కింద చాయ్ తాగేవాళ్ళు ఆ చప్పుడు విని, ముసలోడు లంకెబిందెలు వెతుకుతున్నాడని నవ్వేవారు. హోటలాయన మాత్రం నవ్వేవాడు కాదు. "అక్కా, మీరు పొయ్యేది దేవుని కాడికి. మీ కాళ్ళ కిందనే గాయన మంత్రాలు చేస్తుండు. సూస్కోండ్రి మరి," అని మా అమ్మతో ఎన్నోసార్లు అన్నాడు. పిల్లలకు ఊరికే బిస్కెట్లు ఇచ్చే మంచి మనిషని ఆయనకు పేరు. ఆయన మాటను అనుమానించాలని మాకెవరికీ తోచలేదు.

శనివారం నాడు హాలు ఊడ్చి బూజు దులపడం వారానికొక ఇంటి వంతు. ఆ వారం మా ఇంటి వంతు వచ్చింది. నాకప్పుడు పదేళ్ళు. తడిగుడ్డతో గోడ తుడుస్తుంటే రెండో కిటికీ పక్కన వేలికి ఏదో తగిలింది. బొటనవేలంత పొడవున్న గాజుముక్క, గోడకు అడ్డంగా అతికించి ఉంది. దాని రెండు కొసలకూ ఎర్రటి ముద్ద. కింద బొగ్గుతో గీసిన అంకెలు. ఇంకో గోడ మీద మరొకటి. మూల దగ్గర ఇంకొకటి. మొత్తం ఐదు లెక్క తేలాయి.

మా సండే స్కూల్లో గొర్రెపిల్ల రక్తాన్ని ద్వారబంధాలకు పూసుకున్న ఇళ్ళ సంగతి చెప్పారు. ఆ గుర్తున్న ఇళ్ళను సంహారం దాటి వెళ్ళింది. ఎర్రటి గుర్తు చూడగానే నా చిన్న బుర్ర దాన్ని తలకిందులు చేసుకుంది. ఇది దాటిపొమ్మని పెట్టిన గుర్తు కాదు, ఇక్కడికే రమ్మని పెట్టింది అనుకున్నాను. నా కేక విని అమ్మ చీపురు పడేసింది.

మరునాడు ఆరాధన అయ్యాక ఎవరూ ఇళ్ళకు కదల్లేదు. మా పాస్టరు అయ్యగారు శ్రీరాంపూర్ నుంచి రెండు వారాలకోసారి వచ్చేవారు, ఆ వారం రాలేదు. సంఘంలో పెద్దమనిషిని మేమంతా పెద్దన్న అనేవాళ్ళం. ఆయన గాజుముక్క దగ్గర నిలబడి, దాన్ని ముట్టుకోకుండా చూసి అన్నాడు.

"మొన్ననే నాతోటి అన్నడు ఆయన. 'పిల్లలను తీస్కొని ఈ హాల్ల కూసోకుండ్రి' అని. బెదిరిచ్చుడు గాకపోతే మరేంది?"

"మనల్ని ఎల్లగొట్టి ఎవలకో ఇప్పిద్దామని సూస్తుండు," అంది వెనక నుంచి ఒకామె.

వచ్చే ఆదివారం సొంతదారును పిలిపించి, ముసలాయనను గది ఖాళీ చేయించాలని నిర్ణయమైంది. శుక్రవారం అందరూ ఉపవాసం ఉండాలన్నారు. తాళంచెవి వారమంతా మా ఇంట్లోనే ఉంది. పెద్దవాళ్ళు వారం ఆగుతారేమో గాని నేనెందుకు ఆగాలనిపించింది. సోమవారం బడి అవగానే ఇంట్లోంచి అట్లకాడ తెచ్చి, హాలు తలుపు తీసి, గట్టిగా పాట పాడుకుంటూ ఒక్కొక్క గాజుముక్కా పెళ్ళగించాను. నాలుగు ఊడాయి. ఐదోది స్తంభం మీద, పట్టా ఆనిన చోట ఎత్తులో ఉంది. బెంచీ ఎక్కినా అందలేదు. ఊడినవాటిని మోరీలో పారేసి వచ్చేసరికి తాత కింది మెట్టు మీద కూర్చొని ఉన్నాడు. నా చేతులకు ఎర్రటి పొడి అంటుకొని ఉంది.

"ఎన్ని పీకినవ్ బిడ్డా?"

పారిపోదామంటే దారికి అడ్డంగా ఆయనే. "నాలుగు," అన్నాను.

"ఐదోది?"

"అందలే."

"బతికిచ్చినవ్," అని నవ్వాడు. ఆ నవ్వు చూసి నాకు ఇంకా భయమేసింది. ఇంట్లో విన్నదంతా అక్కడే అప్పజెప్పేశాను. "నువ్వు మంత్రాలు చేస్తున్నవ్. మా అమ్మోళ్ళకు తెల్సు. ఆదివారం నిన్ను ఎల్లగొడ్తరు."

"తెల్సు. హోటలాయన పండుగ లెక్క చెప్పిండు నాకు."

ఆయన కోప్పడలేదు. ఒకప్పుడు బొగ్గు బావిలో తన పనేమిటో చెప్పాడు. మిగతావాళ్ళకన్నా ముందు బొగ్గు తీసే చోటికి వెళ్ళి, కర్రతో పైకప్పు కొట్టి చూడడం. గట్టి కప్పు ఖంగుమంటుంది. వదులైన కప్పు మొద్దుగా, లోపల బోలు ఉన్నట్టు మోగుతుంది. చెవి మోసపోతుందేమోనని ఇంకో చేతి వేళ్ళు కప్పుకు ఆనించి ఉంచుతారు. కప్పు వదులైతే వేళ్ళకు తెలుస్తుంది. అలా ఇరవై ఏళ్ళకు పైగా చూశాడు. ఒక్కరోజు తొందరపడ్డాడు, కాలు పోయింది.

"నన్ను నమ్మకు బిడ్డా. నీ చెయ్యిని నమ్ము. పా పైకి."

బెంచీ మీద స్టూలు వేయించి నన్ను ఎక్కమన్నాడు. "మంచి బండ కింద నిలబడు. చెడ్డదాని దిక్కు చెయ్యి ఒక్కటే సాపు," అన్నాడు. నేను వేళ్ళు బండకు ఆనించాను. ఆయన కింద నుంచి బూజు కర్ర పెట్టి కొట్టాడు. బండ ఖంగుమంది, నా వేళ్ళకు ఏమీ తెలియలేదు. తర్వాత స్తంభం పక్క బండ వైపు చేయి చాపమన్నాడు. ఈసారి చప్పుడు కుండ లోపల కొట్టినట్టు వచ్చింది. నా వేళ్ళ కొసలు గుప్పెట్లో తుమ్మెదను పట్టుకున్నట్టు జుమ్మన్నాయి. ఉలిక్కిపడి చేయి లాగేసుకున్నాను.

నేను గాజుముక్కలు పీకిన చోట్లు చూపించాడు. ఒక్కొక్క దాని కిందా గోడలో వెంట్రుకంత బీట ఉంది. తుడిచిన నేను, చూసి కేకలు పెట్టిన పెద్దవాళ్ళు, అందరం గాజునే చూశాం, దాని కింది బీటను చూడలేదు. అంతకు ముందటేడు హోటలాయన నాలుగు బల్లలు ఎక్కువ వేసుకోవడానికి కింద నడిమి గోడ సగం తీసేశాడట. మా స్తంభం ఆ గోడ మీదే నిలబడి ఉంది. తాత ఆ సంగతి హోటలాయనతో అన్నాడు, ఆయన నవ్వాడు. సొంతదారుతో అన్నాడు, ముసలాయనకు మతి చెడిందని హోటలాయన అప్పటికే చెప్పి పెట్టాడు. మా పెద్దన్నతో అన్నాడు, అది బెదిరింపు అయింది.

"నోటిమాట ఎవ్వలు ఇంటలేరు. అందుకే గాజు పెట్టిన. గోడ కదిలితే గాజు పగుల్తది. అంకెలు అవి పెట్టిన తారీఖులు. పగిలినంక సూపెడ్తే ఇంటరనుకున్న."

అంత విన్నా నాకు నమ్మకం కుదరలేదు. నా వేళ్ళు జుమ్మన్నది కూడా మంత్రమేనేమో. ఆ మాటే అడిగాను. "నువ్వే గాజు పలగ్గొట్టి గోడ పలగ్గొట్టిందంటే?"

"గట్లడుగు!" అని తొడ చరుచుకున్నాడు. నన్ను అంత మెచ్చుకున్న పెద్దమనిషి అప్పటిదాకా ఎవరూ లేరు. "నీ గాజు నువ్వే తెచ్చుకో. నీకు నచ్చిన కాడ పెట్టు. నాకు సూపెట్టకు. ఇగో, నా కాడున్న తాళంచెవి గూడ నీకే. ఆదివారం దాక పగలకుంటె నేనే మూట సదురుకొని పోత."

మా నాయన గడ్డం గీసుకునే అద్దం పగిలి ఒక ముక్క మిగిలి ఉండేది. దాన్ని తెచ్చాను. తాత చెప్పినట్టే సున్నంలో ఇటుక పొడి కలిపి ముద్ద చేశాను. పాటలకు వాయించే డోలు దాచే పెట్టె వెనక స్తంభానికి ఒక బీట ఉంది. దాని మీద అద్దపు ముక్క అతికించి, పెట్టెను మళ్ళీ దగ్గరికి జరిపి, మోకరించాను. ప్రభువా, ఆయన చెడ్డవాడైతే నా గాజు పగలనియ్యకు, ఆయన చెప్పింది నిజమైతే పగలనియ్యి అని అడిగాను. దేవుణ్ణి అలా గుర్తు అడగవచ్చని నాకు నేర్పింది మా సంఘమే.

మంగళవారం గాజు బాగానే ఉంది. బుధవారం బాగానే ఉంది. గురువారం, శుక్రవారం కూడా. ప్రతిరోజూ మెట్లెక్కేటప్పుడు తాత గది వైపు చూడకుండా వెళ్ళేదాన్ని. అది పగలకూడదనే నాకు ఉండేదని ఇప్పుడు ఒప్పుకుంటాను. పగలకపోతే ఆయన చెడ్డవాడు, నేను పీకింది మంచి పని. పగిలితే నేనేం చేసినట్టు?

శనివారం పెట్టె జరిపితే అద్దంలో నా ముఖం రెండుగా కనిపించింది. ఒక కొస నుంచి ఇంకో కొసకు సన్నటి గీత. తాళంచెవులు రెండూ నా లంగా బొందుకు ముడివేసి ఉన్నాయి.

ఇంటికి పరుగెత్తి అమ్మతో చెప్పాను. సగం చెప్పకముందే అమ్మ నా గడ్డం పట్టుకొని కళ్ళలోకి చూసింది. "ఆ ముసలోడు నీకేమన్న తినవెట్టిండానే? నిజం చెప్పు." ఏమీ తినలేదన్నా వినలేదు. నూనె రాసి ప్రార్థన చేసి పడుకోబెట్టింది. వారం రోజులుగా తాత ఎక్కడ నిలబడి ఉన్నాడో ఆ సాయంత్రం నాకు అర్థమైంది. నేను చెప్పే ప్రతి మాటా నన్ను ఇంకా అనుమానించడానికే పనికివస్తోంది. నాయన రాత్రి షిఫ్టుకు వెళ్ళిపోయాడు. రేపు తాతను వెళ్ళగొట్టి, మేమంతా ఆ బండ కిందే కూర్చొని స్తోత్రం చెప్తాం. నాతోపాటు స్తంభానికి ఆనుకొని నిద్రపోయే పిల్లలు తొమ్మిది మంది.

ఆదివారం సొంతదారు కుర్చీ వేయించుకొని కూర్చున్నాడు. హోటలాయన గుమ్మం దగ్గర నిలబడ్డాడు. తాతను పైకి పిలిపించి బయటి మెట్టు మీద ఉంచారు. దేవుడు తమకు చేసిన మేలును లేచి చెప్పే సాక్ష్యాల వేళ అయింది. మా సంఘంలో సాక్ష్యం చెప్తానని లేచిన వాళ్ళను మధ్యలో ఆపకూడదు, చిన్నవాళ్ళైనా సరే. నేను లేచాను. నాలుగు పీకానని, తర్వాత నా గాజు ఒకటి నా చేత్తో పెట్టానని, ప్రార్థన చేసి పెట్టానని, అది పగిలిందని చెప్పాను.

"సూసిండ్రా? పిల్లకు గూడ పెట్టిండు మందు!" అన్నాడు పెద్దన్న. అమ్మ నా చేయి పట్టి కూర్చోబెట్టబోయింది.

మా నాయన రాత్రి షిఫ్టు దిగి నేరుగా వచ్చాడు, కళ్ళు మూతలు పడుతున్నాయి. ఆయన లేచాడు. డోలు పెట్టె జరిపి చూశాడు. గడ్డం గీసుకునే అద్దాన్ని గుర్తుపట్టినట్టున్నాడు, పగులు మీద వేలు పెట్టి చూశాడు. తర్వాత మూల ఉన్న బూజు కర్ర తీసుకొని, తను ఒకప్పుడు పడుకున్న మూడో కిటికీ మీది బండను కొట్టాడు. ఖంగుమంది. నాలుగు అడుగులు నడిచి స్తంభం పక్క బండను కొట్టాడు.

ఆ చప్పుడును ఎవరికీ విడమరచి చెప్పాల్సిన పని లేకపోయింది. ఆ హాలులో కూర్చున్న మగవాళ్ళంతా బావిలో పనిచేసేవాళ్ళు. రోజూ కప్పు చప్పుడు విని ప్రాణాలు దక్కించుకునేవాళ్ళు. ఆదివారం మాత్రం తలలు వంచి, కళ్ళు మూసుకొని ఏడాదిగా ఆ బండ కింద కూర్చున్నారు. దేవుని మందిరంలో కప్పును కొట్టి చూడాలని ఒక్కరికీ అనిపించలేదు. పెద్దన్న ముఖం తెల్లబోయింది. ఆయన చిన్న కొడుకు సరిగ్గా దాని కిందే కూర్చొని ఉన్నాడు.

"లేవుండ్రి. ఉరకకుండ్రి," అన్నాడు నాయన మెల్లగా. "పిల్లలు ముందు. గోడెంబడి పొండ్రి."

బయటి మెట్టు మీది నుంచి తాత ఒక్కమాటే అన్నాడు. "కిటికీల పక్కకెంచి రాండ్రి. అటు మంచిగున్నది."

తర్వాత ఆ బండ పడిందా అని అందరూ అడుగుతారు. పడలేదు. పొద్దుగూకక ముందే మా సంఘం మగవాళ్ళు దుంగలు తెచ్చి, బావిలో నిలబెట్టినట్టే కింద హోటల్లో, పైన హాల్లో నిలబెట్టారు. సొంతదారు నడిమి గోడ మళ్ళీ కట్టించాడు. స్తంభం విప్పినప్పుడు దాని తలకూ పట్టాకూ మధ్య మేస్త్రీ చేయి మణికట్టు దాకా దూరింది. హోటల్లో నాలుగు బల్లలు తగ్గాయి. "పడలే గదా!" అని హోటలాయన ఆ తర్వాత కూడా చాలా ఏళ్ళు అంటూనే ఉన్నాడు.

ఆ ఆదివారం సాయంత్రం పెద్దన్న మెట్ల కింది గది ముందు చాలాసేపు నిలబడ్డాడు. "తాతా..." అన్నాడు. తాత పొయ్యి మీద గిన్నె పెడుతూ, "చక్కెర ఎక్కువ తాగుతవా, తక్కువనా?" అని అడిగాడు. ఇద్దరూ చాయ్ తాగడం నేను మెట్ల మీది నుంచి చూశాను.

తాత మా ప్రార్థనకు ఎప్పుడూ రాలేదు. నీ దేవుడెవరు తాతా అని ఒకసారి ఉండబట్టలేక అడిగాను. "కప్పును ఇన్నిరోజులు పట్టుకున్నోడు, బిడ్డా," అన్నాడు. నేను పదో తరగతిలో ఉండగా ఆయన కూతురు వచ్చి తనతో తీసుకుపోయింది. ఆమె ఇంత దగ్గర నస్పూర్‌లోనే ఉండేదట. ఆయనకొక కూతురుందా అని అన్నేళ్ళలో మాలో ఎవరూ అడగలేదు.

పట్టాల బిల్డింగు ఇప్పటికీ ఉంది. కింద సెల్‌ఫోన్ల దుకాణం, పైన ఫ్లెక్సీలు అచ్చువేసే వాళ్ళు. మా సంఘానికి వేరే వీధిలో సొంత మందిరం ఉంది. అందులో నేను స్త్రీల కూటానికి పెద్దను. ఫలానా ఆమె ఇంటికి వెళ్తే మంచిది కాదని, ఫలానా వాళ్ళ చూపు బాగాలేదని నా చెవిలో చెప్పేవాళ్ళు నెలకు ఒకరైనా వస్తారు. అది ఆత్మ ఇచ్చిన వివేచన అని కూడా అంటారు. నా అనుమానాన్ని నేను కూడా ఒకప్పుడు విశ్వాసమనుకొని, పాట పాడుకుంటూ అట్లకాడతో పీకాను. అందుకే వాళ్ళను తిట్టను. నీ గాజు నువ్వే పెట్టి కొన్నాళ్ళు చూడు అంటాను. చాలామంది మళ్ళీ ఆ మాట ఎత్తరు.

ఇక నాకు మిగిలిపోయిన అలవాటు ఒకటుంది. ఏ మందిరంలో మోకరించినా, కళ్ళు మూసుకునే ముందు తలెత్తి కప్పు వైపు ఒకసారి చూస్తాను. చూసేవాళ్ళు అది భక్తి అనుకుంటారు. కప్పును చూసుకున్నాకే కళ్ళు మూసుకుంటాను. అప్పుడు నా వేళ్ళ కొసల్లో ఆ తుమ్మెద ఒక్కసారి కదులుతుంది. నా ప్రార్థనలో మొదట తలుచుకునేది మెట్ల కింద తాతనే.